ఏ.ఆర్. రెహమాన్ ప్రస్థానం – మన స్కాలర్‌షిప్పుల మాట

(తిరువూరులో జరిగిన వార్షిక సర్వసభ్య సమావేశంలో సంఘం తరఫున చేసిన ప్రసంగ పాఠం)

 

జమాఖర్చులు చదివాక ఎవరో ఒకరు లేచి, పిల్లలకు పనికొచ్చే ఒక జీవితం గురించి నాలుగు మాటలు చెప్పడం మన సభల్లో ఆనవాయితీ. ఇప్పటిదాకా డాక్టర్ల గురించి చెప్పుకున్నాం, స్వాతంత్ర్య సమరయోధుల గురించి చెప్పుకున్నాం, కలాం గారి గురించి అయితే ఎన్నిసార్లు చెప్పుకున్నామో లెక్కే లేదు. ఈసారి సినిమా సంగీత దర్శకుడి గురించి మాట్లాడతామనగానే మా కమిటీలోనే ఇద్దరు పెద్దలు ముఖముఖాలు చూసుకున్నారు. "మన సభలో సినిమా గొడవ ఎందుకు భాయ్?" అని ఒకరు నేరుగానే అడిగారు. అడగడంలో తప్పేమీ లేదు. జవాబు చెప్పుకోవలసిన బాధ్యత మా మీద ఉంది. అందుకే ఎక్కడ మొదలైందో అక్కడి నుంచే చెబుతాం.

కిందటి రంజాన్‌కు ముందు చదువుల సాయం కోసం వచ్చిన దరఖాస్తులు చూస్తున్నాం. ఇంజనీరింగు, నర్సింగు, ఫార్మసీ, ఐ.టి.ఐ. – రోజూ చూసేవే. వాటి మధ్యలో ఒకటి వచ్చింది. ఒక కుర్రవాడు సౌండ్ ఇంజనీరింగు కోర్సు చదువుతాడట. పేరు చెప్పం, వాళ్ళ ఇంటి గుట్టు వాళ్ళది. తండ్రి మైక్ సెట్ నడిపేవారు. పెళ్ళిళ్ళకీ, ఉర్సులకీ, గణపతి పందిళ్ళకీ, ఎన్నికల జీపులకీ ఆయన పెట్టెలే వెళ్ళేవి. ఆయన పోయాక తల్లి మిషను కుట్టుకుంటూ ఇల్లు లాక్కొస్తోంది. ఈ అబ్బాయి ఇంటర్ చదువుతూనే ఆ పాత యాంప్లిఫయర్లు తుడిచి, కాలిన వైర్లు మార్చి, సామాను అద్దెకిస్తున్నాడు. కమిటీ ముందుకు తల్లీ కొడుకూ ఇద్దరూ వచ్చారు. మాలో ఒకరు, "బేటా, బి.టెక్ చదవచ్చు కదా, దానికైతే ఇస్తాం కదా" అన్నారు. వాడు తల దించుకున్నాడు. తల్లి మాత్రం, "భాయ్, వీడికి ఆ డబ్బాలే లోకం. వాళ్ళ అబ్బా పోయాక ఆ డబ్బాలే మాకు అన్నం పెట్టినాయి" అంది.

మేము ఏం చేశామంటే, వచ్చే ఏడు చూద్దాం అన్నాం. ఒక కమిటీ ఏ మాటా తేల్చుకోలేనప్పుడు చెప్పే మాట అది. మీ డబ్బుతో నడిచే సంఘం కనుక, మేము తేల్చుకోలేకపోయామన్న సంగతి మీకు దాచకుండా చెబుతున్నాం.

ఆ రాత్రి ఇంటికి వెళ్ళాక మాలో చాలామందికి ఒకే పేరు గుర్తొచ్చింది. తండ్రి పోయాక ఆయన వాయిద్యాలు అద్దెకిచ్చి బతికిన ఇల్లు ఇంకొకటి ఉంది. ఆ ఇంటి పిల్లవాడే ఏ.ఆర్. రెహమాన్.

రెహమాన్ 1967 జనవరి 6న మద్రాసులో పుట్టారు. అప్పటి పేరు దిలీప్ కుమార్. తండ్రి ఆర్.కె. శేఖర్ మలయాళ సినిమాలకు సంగీతం చేసేవారు. అంతకన్నా ఎక్కువగా ఇతర సంగీత దర్శకుల బాణీలకు వాయిద్యాలు అమర్చి, ఆర్కెస్ట్రాను నడిపించే పని చేసేవారు. సినిమా భాషలో అరేంజరు, కండక్టరు అంటారు. ఈ పని చేసేవాళ్ళ పేరు పోస్టరు మీద ఉండదు. పొద్దున ఒక స్టూడియో, మధ్యాహ్నం ఇంకొకటి, రాత్రి మరొకటి. అలా ఒళ్ళు అరగదీసుకున్న మనిషి 1976లో జబ్బు చేసి చనిపోయారు. దిలీప్‌కు అప్పుడు తొమ్మిదేళ్ళు. ఇంట్లో ఉన్నది తల్లి, అక్క, ఇద్దరు చెల్లెళ్ళు, తండ్రి కొని పెట్టిన వాయిద్యాలు.

తల్లి ముందు కొందరు సలహా పెట్టారట – ఆ సామానంతా అమ్మేసి, వచ్చిన సొమ్ము బ్యాంకులో వేసి వడ్డీతో బతకమని. ఆమె అమ్మలేదు. అద్దెకిచ్చింది. నా కొడుకు ఉన్నాడు, వాడు చూసుకుంటాడు అని అందట. రికార్డింగుకు వాయిద్యం అద్దెకు వెళితే దాన్ని మోసుకెళ్ళి బిగించి, వైర్లు కలిపి, అది పలికేలా చేసి ఇవ్వాలి. ఆ పిల్లవాడు స్టూడియో గడప తొక్కింది ముందు ఆ పనితోనే. పదకొండేళ్ళు వచ్చేసరికి కీబోర్డు వాయించే పనికి పిలుపులు వచ్చాయి. బడి వెనకబడింది, చివరికి ఆగిపోయింది. పగలు పుస్తకం, రాత్రి రికార్డింగు అంటే ఏ పిల్లవాడికీ సాగదు కదా.

ఇక్కడ మన జిల్లా వాళ్ళు చెవులు రిక్కించి వినవలసిన మాట ఒకటి ఉంది. ఆ టీనేజీ కుర్రవాణ్ణి తన పాటల్లో కీబోర్డు వాయించడానికి పిలిచిన సంగీత దర్శకుల్లో రమేశ్ నాయుడు గారు ఒకరు. పసుపులేటి రమేశ్ నాయుడు గారిది ఎక్కడో దూరం కాదు. మనం బెజవాడ బస్సెక్కితే మైలవరం, జి. కొండూరు దాటాక వచ్చే కొండపల్లే ఆయన పుట్టిన ఊరు. మనం కొండపల్లి అనగానే బొమ్మలంటాం, ఖిల్లా అంటాం. రమేశ్ నాయుడు గారి ఊరు అని అనేవాళ్ళు తక్కువ. ఇది మన లోపం.

ఆయన కథ కూడా సాఫీగా నడిచిన కథ కాదు. చిన్నతనంలోనే ఇల్లు వదిలి బొంబాయి చేరారు. తెలుగులో 1957లో 'దాంపత్యం' చేశారు. 1959లో 'మనోరమ' అనే సినిమాకు లక్నో నుంచి వచ్చిన గజల్ గాయకుడు తలత్ మహమూద్ చేత తెలుగులో పాడించారు. ఉర్దూ తప్ప తెలుగు ఎరగని ఆ గొంతు మన భాషలో ఎంత మెత్తగా ఒదిగిందో, మన ఇళ్ళలో పాత రేడియో విన్న పెద్దవాళ్ళను అడిగితే చెబుతారు. అంత చేసినా ఇక్కడ నిలదొక్కుకోలేక ఆయన కలకత్తా వెళ్ళిపోయారు. బెంగాలీ, ఒరియా, నేపాలీ సినిమాలకు పని చేశారు. 1972లో 'అమ్మమాట'తో తిరిగొచ్చారు. ఆ తరువాత 'శివరంజని', 'ముద్ద మందారం', 'ఆనంద భైరవి', 'శ్రీవారికి ప్రేమలేఖ'. 1982 నాటి 'మేఘసందేశం'కు ఆయనకు జాతీయ అవార్డు వచ్చింది. అదే సినిమాకు ఏసుదాసు గారికీ, సుశీల గారికీ కూడా వచ్చింది. కవి రాసి ఇచ్చిన తరువాతే బాణీ కట్టడం ఆయన పద్ధతి అని ఆయనతో పనిచేసినవాళ్ళు చెబుతారు. మాట ముందు, బాణీ తరువాత. 1987లో చనిపోయారు.

ఆయన బృందంలో కీబోర్డు ముందు కూర్చున్న కుర్రవాడు పదిహేను, ఇరవై ఏళ్ళ తరువాత ప్రపంచమంతా తెలిసిన మనిషి అవుతాడని ఆ రోజు ఎవరికీ తెలియదు. రోజు కూలీ లెక్కన వచ్చి వాయించి వెళ్ళే కుర్రవాడు అంతే. మన దగ్గర రాజ్–కోటి, తమిళంలో ఇళయరాజా, ఎం.ఎస్. విశ్వనాథన్ – ఇలా ఎందరి దగ్గరో పనిచేశారు. ఒక్కొక్కరి దగ్గర ఒక్కొక్క పద్ధతి. కాలేజీ మెట్లు ఎక్కని మనిషికి అదే కాలేజీ అయింది. లండన్ ట్రినిటీ కాలేజీ పరీక్షల ద్వారా పాశ్చాత్య సంగీతంలో డిప్లొమా కూడా పొందారు. అంటే దొరికిన చదువును వదిలిపెట్టలేదు.

1987లో ఆయనకు సొంతంగా సంగీతం కట్టే అవకాశం మొదట వచ్చింది సినిమాలో కాదు, వ్యాపార ప్రకటనలో. ఆల్విన్ వాచీల ప్రకటన అది. మన హైదరాబాదు ఆల్విన్ కంపెనీయే. ఆ కాలంలో పెళ్ళికి అల్లుడికి ఆల్విన్ వాచీ పెట్టినవాళ్ళు ఈ సభలోనే ఉండి ఉంటారు. ఆ తరువాత ప్రకటనల పని వరసగా వచ్చింది. ప్రకటన అంటే ముప్ఫై సెకన్లు. అంతలో మొదలుపెట్టాలి, వినేవాడి మనసులో కూర్చోవాలి, ముగించాలి. తన పనిలో పొదుపు అక్కడే నేర్చుకున్నట్టు తోస్తుంది మాకు.

ఆ రోజుల్లోనే ఆ కుటుంబం ఇస్లాం స్వీకరించింది. తండ్రి జబ్బు రోజుల నుంచీ ఆ ఇంటికి ఒక ఖాద్రీ సూఫీ పీర్ గారితో పరిచయం ఉండేది. దిలీప్ కుమార్ అల్లా రఖా రెహమాన్ అయ్యారు. తల్లి కస్తూరి గారు కరీమా బేగం అయ్యారు. కడప అమీన్ పీర్ దర్గా, మనం పెద్ద దర్గా అంటాం, అక్కడి ఉర్సుకు ఆయన ఎన్నోసార్లు వచ్చారు. 2024 నవంబరులో అక్కడ జరిగిన ముషాయిరాకు నటుడు రామ్ చరణ్ అయ్యప్ప దీక్షలో ఉండి కూడా వచ్చారు. రెహమాన్‌కు ఇచ్చిన మాట కోసం వచ్చానని చెప్పారు. ఆ దృశ్యం మీద అటువైపూ ఇటువైపూ ఎవరేమన్నారో మనకెందుకు. కడప వాళ్ళకు అది కొత్త కాదు.

ఇప్పుడు స్టూడియో మాట. దాతలు ఇది కాస్త శ్రద్ధగా వినాలి.

1989లో ఇంటి పెరట్లో ఆయన ఒక చిన్న రికార్డింగు గది కట్టుకున్నారు. పేరు పంచతన్ రికార్డ్ ఇన్. ఈ రోజు అది దేశంలో పేరున్న స్టూడియో. కానీ కట్టిన కొత్తలో దాంట్లో ఏముందో ఆయనే ఈ మధ్య చెప్పుకున్నారు. ఒక ఏ.సి., ఒక షెల్ఫు, కింద తివాచీ. అంతే. యాంప్లిఫయరు కొనడానికి డబ్బు లేదు, ఈక్వలైజరు కొనడానికి లేదు. ఖాళీ గదిలో ఊరికే కూర్చునేవారట. అప్పుడు తల్లి తన నగలు తాకట్టు పెట్టడానికి ఇస్తే మొదటి రికార్డరు వచ్చింది. ఆ రోజే నాకు భవిష్యత్తు కనిపించింది అన్న అర్థంలో ఆయన చెప్పారు.

మేము దీని గురించి మాలో మేము చాలాసేపు మాట్లాడుకున్నాం. ఆ కుర్రవాడికి ప్రతిభ ఉంది, పని ఉంది, గది ఉంది. యంత్రం లేదు. ఆ ఒక్క అడుగు దాటించింది ఒక తల్లి మెడలోని బంగారం. మన ఊళ్ళో ఎందరు తల్లులకు మెడలో అంత ఉంటుంది? మన దరఖాస్తుదారు తల్లి మెడలో మేము చూసింది నల్లపూసలు మాత్రమే.

సొంత గది ఎందుకంత ముఖ్యమో ఒక్కమాటలో చెబుతాం. పాతకాలంలో పాట రికార్డింగు అంటే పెద్ద హాలు. యాభై, అరవైమంది వాయిద్యకారులు, గాయకులు ఒకేసారి ఉండాలి. ఒకరు తప్పు వాయిస్తే మళ్ళీ మొదటి నుంచి. హాలుకు గంటల లెక్కన అద్దె. గడియారం పరుగెడుతుంటే ప్రయోగాలు చేసే ధైర్యం ఎవరికి ఉంటుంది? తరువాత ఒక్కొక్క శబ్దాన్ని విడివిడి ట్రాకుల మీద ఎక్కించే పద్ధతి వచ్చింది. తబలా ఈ రోజు, వేణువు రేపు, గొంతు ఎల్లుండి. అన్నిటినీ కలిపి, దేన్ని ఎంత పైకి తేవాలో దేన్ని వెనక్కి నెట్టాలో తూచి కలపడమే మిక్సింగు. రెహమాన్ గాయకులను ఒక్కొక్కరినే రాత్రిపూట పిలిపించి, ఒకే లైను పది రకాలుగా పాడించి, తరువాత తీరిగ్గా ఏరుకునేవారు. సొంత గది ఉంటేనే ఆ తీరిక. అద్దె హాలులో అది సాధ్యం కాదు.

ఒక ప్రకటనల అవార్డుల కార్యక్రమంలో మణిరత్నం గారికి పరిచయమయ్యారు. లియో కాఫీ ప్రకటన సంగీతం అందుకు కారణం. 1992లో 'రోజా' వచ్చింది. తండ్రి పోయి పదహారేళ్ళు. మొదటి సినిమాకే జాతీయ అవార్డు. తెలుగులోకి డబ్ అయి, రాజశ్రీ గారు పాటలు రాస్తే, తిరువూరు సెంటర్లో ప్రతి టీ కొట్టు మీదా అవే పాటలు. ఆ క్యాసెట్టు అరిగిపోయేదాకా విన్నవాళ్ళం మేమూ ఉన్నాం, ఇప్పుడు దాచడం ఎందుకు. టేపురికార్డరులో కూడా ఆ పాటల్లో ప్రతి శబ్దం విడిగా, శుభ్రంగా వినబడేది. అది రెహమాన్ ఒక్కరి గొప్పే కాదు. పక్కన కూర్చున్న సౌండ్ ఇంజనీరు హెచ్. శ్రీధర్ గొప్ప కూడా. ధ్వనికి జాతీయ అవార్డులు అందుకున్న శ్రీధర్ 2008 డిసెంబరులో చిన్న వయసులోనే చనిపోయారు. రెహమాన్ ఆస్కారు అందుకోవడం చూడడానికి ఇంకా మూడు నెలలైనా ఉండలేదు.

నేరుగా తెలుగులో ఆయన చేసినవి కొన్నే. 1994లో 'సూపర్ పోలీస్', 'గ్యాంగ్ మాస్టర్', 2004లో 'నాని', 2010లో 'ఏ మాయ చేశావే', 'కొమరం పులి'. వీటిలో నిలిచింది 'ఏ మాయ చేశావే' అని మా అభిప్రాయం. మిగిలినవాటి కన్నా డబ్బింగు పాటలే మన జనానికి దగ్గరయ్యాయి. ఎంత పెద్దవాళ్ళకైనా చేసిందంతా పండదు. మన పిల్లలకు ఆ సంగతి కూడా చెప్పాలి.

ఏడు జాతీయ అవార్డులు, 2000లో పద్మశ్రీ, 2010లో పద్మభూషణ్, రెండు గ్రామీలు. ఇవన్నీ పేపర్లో చదివినవే, త్వరగా దాటేద్దాం. 2009 ఫిబ్రవరిలో 'స్లమ్‌డాగ్ మిలియనీర్' సినిమాకు రెండు ఆస్కార్లు వచ్చిన రాత్రి ఆయన వేదిక మీద తల్లిని తలుచుకున్నారు, పొగడ్తంతా దైవానిదే అని తమిళంలో అన్నారు. ఆ రాత్రి గురించి అందరికీ తెలిసింది ఇంతవరకే. కానీ అదే రాత్రి, అదే సినిమాకు, సౌండ్ మిక్సింగుకు ఆస్కారు అందుకున్న ముగ్గురిలో మన దేశం మనిషి ఒకరున్నారు. రసూల్ పూకుట్టి. కేరళలో కొల్లం జిల్లా, విళక్కుపార అనే పల్లె. తండ్రి ప్రైవేటు బస్సుల్లో టిక్కెట్లు చూసే ఉద్యోగి. ఊళ్ళో కరెంటు లేక కిరోసిన్ దీపం కింద చదువుకున్నారు, బడికి మైళ్ళు నడిచారు. ఫిజిక్స్ చదివి, పుణేలోని ఫిలిం ఇన్‌స్టిట్యూట్‌లో ధ్వని శాఖలో చేరి, 1995లో బయటికొచ్చారు.

ఆయన బాణీ కట్టలేదు, పాట పాడలేదు. ఆయన పని శబ్దం. తెర మీద రైలు వెళుతుంటే ఆ రైలు ఎంత దగ్గరలో ఉన్నట్టు వినిపించాలి, జనంలో ఒకడి మాట ఎలా తేలాలి, ఎక్కడ నిశ్శబ్దం ఉండాలి – ఇదంతా ఒక శాస్త్రం. లొకేషన్‌లో మాట పట్టుకునేవాళ్ళు వేరు, డబ్బింగు చేయించేవాళ్ళు వేరు, అడుగుల చప్పుడు, తలుపు చప్పుడు స్టూడియోలో మళ్ళీ పుట్టించేవాళ్ళు వేరు, రీరికార్డింగు వేరు, చివరికి అన్నీ కలిపేవాళ్ళు వేరు. సినిమాకే కాదు, టీవీ చానళ్ళకు, రేడియోకు, పెద్ద సభలకు, ఇప్పుడు ఫోనులో చూసే ప్రతి వీడియోకూ ఈ పనివాళ్ళు కావాలి. పుణే ఇన్‌స్టిట్యూట్, కలకత్తాలోని సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్ రెండూ కేంద్ర ప్రభుత్వానివే. డిగ్రీ చదివినవాళ్ళకు అక్కడ ధ్వని కోర్సులు ఉన్నాయి. ఈ సంగతి దరఖాస్తు వచ్చేదాకా మాకూ తెలియదు.

'సౌండ్ ఇంజనీరింగు' అని చదవగానే మా చెవికి 'సినిమా పాటలు' అని వినబడింది. ఆ అబ్బాయి అడిగింది అది కాదు. వాళ్ళ నాన్న చేసిన పనినే, చదువుకుని, ఇంకో నాలుగు మెట్లు పైన చేస్తానన్నాడు.

సంగీతం విషయంలో ఉలమాల మధ్య అభిప్రాయభేదాలున్నాయని మాకు తెలుసు. ఆ వివాదం తేల్చే ఇల్మ్ మాకు లేదు, తేల్చబోము కూడా. వద్దనే పెద్దల మీద మాకు గౌరవమే. అయితే, ఇది మనకు అలవాటు లేని పని అన్న మాటను మాత్రం ఒప్పుకోలేం. ఒంగోలు దగ్గర కరవదిలో పుట్టిన షేక్ చిన మౌలానా గారి కుటుంబం తరతరాలుగా నాదస్వరం మీద బతికింది. పల్నాడు, ప్రకాశం జిల్లాల్లో అలాంటి ముస్లిం కుటుంబాలు ఎన్నో ఉన్నాయి. ఆయనకు 1998లో మద్రాసు మ్యూజిక్ అకాడమీ సంగీత కళానిధి ఇచ్చింది. గుడి ముందు వాయించి, ఐదు పూటలా నమాజు చదువుకున్న మనుషులు వాళ్ళు. తెలుగు నేలకు ఈ రంగంలో దారి ఎంత దూరం పోతుందో 2023లో కొవ్వూరు నుంచి వెళ్ళిన కీరవాణి గారూ చూపించారు. ఆయన కూడా చక్రవర్తి గారి దగ్గర సహాయకుడిగా మొదలైనవారే.

రెహమాన్ తన సంపాదన పెరిగాక చేసింది కూడా మన పనికి దగ్గరగా ఉంటుంది. 2008లో చెన్నైలో కె.ఎం. మ్యూజిక్ కన్సర్వేటరీ పెట్టారు. సంగీతంతో పాటు ఆడియో ఇంజనీరింగు కూడా నేర్పుతారు. దానికి అనుబంధంగా తన ఫౌండేషన్ ద్వారా 'సన్‌షైన్ ఆర్కెస్ట్రా' నడుపుతున్నారు. పేద కుటుంబాల పిల్లలకు వయొలిన్, చెలో లాంటి వాయిద్యాలు ఉచితంగా నేర్పిస్తారు. ఈ వాయిద్యాల ధర మనకు తెలియనిది కాదు. ఒక రోజు కూలీ ఇంట్లోకి వయొలిన్ రావడం అంటే ఎవరో ఒకరు కొనిచ్చి ఉండాలి. ఆ పిల్లలందరూ రెహమాన్‌లు అవుతారని ఆయన అనుకోరు. కొందరు టీచర్లవుతారు, కొందరు ఆర్కెస్ట్రాల్లో చేరతారు, కొందరు వేరే పనిలోకి పోతారు. మనం ఫార్మసీకి సాయం చేసిన పిల్లలందరూ మందుల కంపెనీలు పెట్టారా? లేదు కదా.

కరీమా బేగం గారు 2020 డిసెంబరులో చనిపోయారు. అల్లాహ్ ఆమెకు మగ్ఫిరత్ ప్రసాదించుగాక. వాయిద్యాలు అమ్మేయమన్న సలహా ఆమె విని ఉంటే ఆ వడ్డీ సొమ్ము ఎన్నాళ్ళు వచ్చేదో మనం లెక్క వేసుకోవచ్చు.

ఇక మన లెక్కకు వద్దాం. జకాత్ ఖాతా వేరు, దానికి షరతులున్నాయి. అందులో నుంచి ఇవ్వవచ్చా లేదా అన్నది మేము ముఫ్తీ సాహెబ్‌ను అడిగే ఇస్తాం, ఇన్షా అల్లాహ్. మేము అడుగుతున్నది సదఖా, సాధారణ విరాళాల ఖాతా గురించి. ఇన్నాళ్ళూ మా దరఖాస్తు ఫారంలో కోర్సుల పట్టిక ముందే అచ్చు వేసి ఉంది. ఇంజనీరింగు, మెడికల్, నర్సింగు, ఐ.టి.ఐ., 'ఇతరములు'. ఆ 'ఇతరములు' ఎదురుగా వచ్చిన దరఖాస్తులు ఇప్పటిదాకా ఎన్ని ఆమోదించామా అని పాత ఫైళ్ళు తీసి చూశాం. ఒక్కటీ లేదు. ఎలక్ట్రీషియను పనికి అడిగినవాళ్ళున్నారు, కెమెరా పనికి అడిగినవాళ్ళున్నారు, ఒక అమ్మాయి బేకరీ కోర్సుకు అడిగింది. అందరికీ వచ్చే ఏడు చూద్దాం అన్నాం. మేమే అన్నాం, సంతకాలు మావే.

ఈ మధ్య ఆ అబ్బాయి ఇంటికి మాలో ఇద్దరం వెళ్ళాం. వాడు ఇంట్లో లేడు. ఏ. కొండూరు వైపు ఒక పెళ్ళికి సౌండ్ బాక్సులు తీసుకెళ్ళాడట. తల్లి టీ పెట్టి ఇచ్చింది. మూల ఒక పాత యాంప్లిఫయరు మీద గుడ్డ కప్పి ఉంది. అమ్మేస్తావా అమ్మా అని మాలో ఒకరు ఊరికే అడిగారు. అడగకుండా ఉండాల్సింది. ఆమె ఏమీ అనలేదు, గుడ్డ సర్దింది.

ఈ సభ అయ్యాక, ఇషా నమాజు తరువాత, చదువుల కమిటీ ఇక్కడే కూర్చుంటుంది. ఆ దరఖాస్తు మళ్ళీ బల్ల మీద పెడుతున్నాం. ఫీజు మొత్తం ఒక్కసారిగా కాకుండా విడతల వారీగా, కోర్సు నడిపేవారికే నేరుగా చెల్లించాలని మా ప్రతిపాదన. హాస్టలు ఖర్చు ఎవరైనా ఒకరు భరిస్తే మిగిలింది సంఘం చూసుకోగలదు. దాతలు ఎవరైనా వచ్చి కూర్చోవచ్చు. ఇవ్వమనేవాళ్ళూ రావచ్చు, వద్దనేవాళ్ళూ రావచ్చు. వద్దనేవాళ్ళు తప్పకుండా రండి. ఎందుకు వద్దో ఆ అబ్బాయి ఎదురుగా చెప్పాలి, ఎందుకంటే ఈసారి వాణ్ణి కూడా పిలిచాం.

వ ఆఖిరు దావానా అనిల్ హమ్దు లిల్లాహి రబ్బిల్ ఆలమీన్.